తారు గీతకు రెండు వేళ్ళు కింద

నా చిన్నప్పుడు రాళ్ళు కూడా నిద్రపోతాయని నమ్మేవాణ్ణి. ఎవరో చెప్పిన కథ కాదు, నా చెవులతో నేను విన్న సంగతి. మా నాయన ఎద్దుబండిలో గులకరాళ్ళు నింపుకుని బయలుదేరితే మొదటి మైలంతా అవి ఒకటే గోల చేసేవి. తిరునాళ్ళకు పోయే బస్సులో సీటు కోసం తోసుకునే జనం మాదిరి ఒకదాన్నొకటి రాసుకుంటూ, గొణుక్కుంటూ, కిచకిచమనేవి. రెండో మైలుకు ఆ గోల సన్నగిల్లేది. మూడో మైలు దాటేసరికి చక్రాల చప్పుడూ ఎద్దుల మెడల్లో గంటలూ తప్ప ఇంకేమీ వినిపించేది కాదు. పాపం, పడుకున్నాయిలే అనుకుని నేనూ వాటి మీద గోనెపట్ట పరుచుకుని పడుకునేవాణ్ణి. కింద రాళ్ళు, పైన తెల్లవారుతున్న ఆకాశం, మధ్యలో నేను. అందరమూ ఒకే ఊపుకు ఊగేవాళ్ళం.

ఆ పసి నమ్మకంలోనే మా నాయన పరువు నిలబెట్టే నిజం ఉందని అప్పుడు తెలియదు. తెలిసి ఉంటే ఆ రోజు గేటు దగ్గర నేను వేరేగా మాట్లాడేవాణ్ణి.

మాది సత్యవేడు పక్కన ఒక పల్లె. ఆ చుట్టుపట్ల ఎర్రమట్టి దిబ్బల్ని ఎక్కడ తవ్వినా గులకరాళ్ళే. కోడిగుడ్డంతవి కొన్ని, చింతగింజంతవి కొన్ని, అన్నీ ఎవరో తీరిగ్గా కూర్చుని అరచేతుల్లో రుద్దినంత నునుపు. దగ్గరలో ఏరు లేదు. ఏరు లేని చోట ఏటిరాళ్ళు ఎట్లా వచ్చాయని బడిలో అడిగితే మా అయ్యవారు నన్ను బెంచీ ఎక్కించారు. తెలియదని ఒక్క మాట అంటే ఆయన సొమ్మేం పోయేది? ఆ ప్రశ్నకు జవాబు నాకు నలభై ఏళ్ళు దాటాక పాత పుస్తకాల అంగట్లో, అట్ట ఊడిపోయిన ఒక పుస్తకంలో దొరికింది. ఏ కాలంలోనో పెద్ద నీళ్ళు వాటిని దొర్లించుకుంటూ తెచ్చి అక్కడ వదిలి వెళ్ళిపోయాయట. ఐదో తరగతితో బడి మానేసిన వాణ్ణి, నా చదువంతా అట్టలు లేని పుస్తకాల్లోనే సాగింది.

డెబ్బైల మొదట్లో, నాకు తొమ్మిదేళ్ళప్పుడు, మదరాసు నుంచి వచ్చిన ఒక షావుకారు తడ ఊరికి పోయే దారిలో తోట బంగళా కట్టుకుంటున్నాడు. మా రాళ్ళ గుంతకు ఐదు మైళ్ళు. తోటలో మామిడి మొక్కల మధ్య వంకరలు తిరిగే దారులు వేసి, వాటి మీద గులకరాళ్ళు పరిపించాలని ఆయన ముచ్చట. నడిచేవాళ్ళ కాళ్ళకు గుచ్చుకోకూడదు, వాన పడితే బురద కాకూడదు. మిగతా బండ్లన్నీ దగ్గరి చెరువు నుంచి మట్టి తోలేవి. రాళ్ళు తోలింది మాత్రం మా నాయన ఒక్కడే. నాకు ఎండాకాలం సెలవులు కాబట్టి రోజూ ఆయన వెంటే ఉండేవాణ్ణి.

బండి తోలేవాడికి నమ్మకమే ఆస్తి. మా పల్లెలో వేరుశనగ మూటలు బండిలో వేసి, వెంట ఎవరూ పోకుండానే సంతకు పంపేవాళ్ళు. పెళ్ళిళ్ళకు ఇత్తడి బానలు, ఒకసారి ఒక ఇంటివాళ్ళ దేవుడి పెట్టె కూడా మా బండిలో ఒంటరిగా పోయి ఒంటరిగా చేరింది. మా నాయన ఎక్కువ మాట్లాడేవాడు కాదు. ఆయన తరఫున ఆ బండి మాట్లాడేది.

పరిచిన రాళ్ళను దిమ్మిసతో కొట్టేసరికి దారి పలచబడిందట. ఇన్ని బండ్లు తోలినా దారి ఇంత పలచగా ఉందేమిటని షావుకారు కోప్పడితే ఆయన గుమాస్తా ఒక ఉపాయం చేశాడు. చొక్కా జేబులో రెండు కలాలు పెట్టుకునే మనిషి. మా బండి తొట్టి లోపల నాలుగు వైపులా తారుతో గీత గీయించాడు. గుంత దగ్గర రాళ్ళు ఆ గీత దాకా పోసి, చదును చేసి, అక్కడి మేస్త్రీ నిండింది అని చీటీ రాసివ్వాలి. తోట గేటు దగ్గర గుమాస్తా గీత చూసి, చీటీ తీసుకుని లోపలికి వదలాలి. అంతవరకూ ఎవరూ తప్పు పట్టలేని పద్ధతే.

గీత గీసిన మర్నాడు తెల్లవారుజామున బయలుదేరాం. గుంత దగ్గర ఆడవాళ్ళు తట్టలతో రాళ్ళు ఎత్తి పోశారు. మేస్త్రీ చెక్కతో చదును చేసి చీటీ ఇచ్చాడు. నల్లని గీతను రాళ్ళు ముట్టుకుంటూ ఉండటం నా కళ్ళతో నేను చూశాను. రోజూలాగే రాళ్ళు గోల చేశాయి, రోజూలాగే పడుకున్నాయి, నేనూ పడుకున్నాను. తూర్పు నుంచి పులికాట్ సరస్సు మీదుగా వచ్చే గాలికి ఆ వేళప్పుడు కాస్త ఉప్పు వాసన ఉంటుంది. ఆ వాసన కలలోకి కూడా వచ్చేది. పడవ మీద పోతున్నట్టు, రాళ్ళన్నీ నీళ్ళయినట్టు.

మధ్యలో ఊపు ఆగిపోయింది. సగం కళ్ళు తెరిచాను. తాటిచెట్ల దగ్గరి కల్వర్టు మీద బండి నిలబడి ఉంది. నాయన ముందర లేడు. బండి వెనక వంగి, వెనక పలక సందులో చేతులు పెట్టి ఏదో చేస్తున్నాడు. తలపాగా మాత్రం కనిపించింది. కలో నిజమో తేల్చుకోకుండానే మళ్ళీ కళ్ళు మూసుకున్నాను.

గేటు దగ్గర గుమాస్తా చక్రం ఆకు మీద కాలు పెట్టి పైకెక్కి తొట్టిలోకి తొంగి చూశాడు. గీతకూ రాళ్ళకూ మధ్య వేళ్ళు పెట్టాడు. రెండు వేళ్ళు పట్టాయి.

"ఏమయ్యా, గుంత దగ్గర నిండుగా ఎక్కిందని చీటీ ఉంది. ఇక్కడ రెండు వేళ్ళు తక్కువుంది. మధ్యలో ఉన్నది నువ్వు. రాళ్ళేమయ్యాయి?"

మా నాయన కూడా తొట్టిలోకి తొంగి చూశాడు. "నాకు తెలీదు సామీ. బరువు తగ్గుంటే నా ఎద్దులకు తెలిసుండేది. గుంత కాడ ఎట్ల లాగినాయో ఈడికీ అట్లనే లాగినాయి."

"ఎద్దుల సాక్ష్యం నేనేం చేసుకోను?" అంటూ గుమాస్తా నా వైపు తిరిగాడు. గొంతులో ఎంత తీపి! "నువ్వు చెప్పు బాబూ. మంచి పిల్లవాడివి. దారిలో బండి ఎక్కడైనా ఆగిందా?"

అబద్ధం చెప్పకూడదని నాకు నేర్పింది మా నాయనే. "ఆగింది సార్. కల్వర్టు కాడ. నాయన వెనక పలక కాడ ఏందో చేసినాడు" అన్నాను.

మట్టి మోసే ఆడవాళ్ళు తట్టలు దించి చూశారు. మా నాయన నా వైపు ఒక్కసారి చూశాడు. కోపం ఉంటే బాగుండేది. నేను చెప్పినదాన్ని ఆయన కూడా మొదటిసారి వింటున్నట్టు, అట్లా జరిగిందా అని ఆలోచిస్తున్నట్టు ఉంది ఆ చూపు. "పలక తాడు వదులైతే బిగించినాను సామీ" అన్నాడు నెమ్మదిగా. ఎవరు వింటారు?

"రేపు కూడా తగ్గితే నీ బండి ఈ గేటు దాటదు. సత్యవేడు సంతలో నలుగురికీ చెబుతాను. ఆ తర్వాత నీ బండిలో మూట ఎవడు వేస్తాడో చూద్దాం" అన్నాడు గుమాస్తా.

అంత మాట అని, చేతులు దులుపుకుని, గేటు పక్కన రేకుల నీడలో బొరుగులు, అదే మరమరాలు, అమ్మే అవ్వ దగ్గరికి పోయాడు. రోజూ పదింటికి ఆయనకు ఒక పడి బొరుగులు తినడం అలవాటు. అవ్వ కొలిచే ఇనప పడిని నింపి అరచేత్తో చదును చేసింది. ఆయన పడి అంచు మీద వేళ్ళతో టక్ టక్ టక్ మని మూడు తట్లు తట్టాడు. బొరుగులు కిందికి దిగాయి. దిగిన మేరకు అవ్వ మళ్ళీ పోసింది. రోజూ జరిగే పనే. కళ్ళప్పగించి చూశాను గాని నా బుర్రకు ఏమీ ఎక్కలేదు. ఏడుపు ఆపుకోవడంతోనే సరిపోయింది.

ఇంటికి వచ్చాక నాయన వెనక పలకను ఊడదీసి, సందుల్లో గుడ్డపేలికలు కుక్కి, మళ్ళీ బిగించాడు. అమ్మ ఏమైందని అడిగితే "ఏమీ లేదులే" అన్నాడు. పొద్దు గూకకముందే నేను దొడ్లోకి పోయాను. ఎద్దుల కొట్టం వెనక, కింద బురద కాకుండా వేసుకునేందుకు ఎప్పటివో కొన్ని గులకరాళ్ళు కుప్పగా ఉండేవి. ఆ కుప్ప పెరిగిందా అని చూశాను. చుట్టూ తిరిగి చూశాను. వంగి, కొత్త రాళ్ళేమైనా ఉన్నాయా అని కెలికి చూశాను. జేబులో రెండు కలాలున్న ఒక మనిషి ఒక మాట అంటే చాలు, తొమ్మిదేళ్ళు తనను భుజాల మీద తిప్పిన నాయనను కొడుకు అనుమానించాడు. గుమాస్తా మీద నాకు ఈనాటికీ కోపమే. కాని ఆ కోపంలో పెద్ద పాలు ఆ సాయంత్రం దొడ్లో వంగిన ఆ పిల్లవాడి మీదే.

మర్నాడు నాయన బండి ఎక్కలేదు. పగ్గాలు నా చేతికిచ్చి, "అవిటికి దావ తెలుసు, నువ్వు ఊరికే పట్టుకో" అని తాను బండి వెనక నడిచాడు. ఐదు మైళ్ళు, చూపు మట్టి మీది నుంచి ఎత్తకుండా. ఒక్క రాయి రాలినా పట్టుకోవాలని. నేను పదే పదే వెనక్కి తిరిగి చూసేవాణ్ణి. చక్రాలు లేపిన ఎర్రదుమ్ములో ఆయన మోకాళ్ళ దాకా కనిపించేవాడు కాదు. నేల మీద కాకుండా మబ్బు మీద నడుస్తున్నట్టుండేది.

కల్వర్టు దగ్గర బొరుగుల అవ్వ గంప నెత్తిన పెట్టుకుని తోటకు పోతూ కనిపించింది. నాయన బండి ఆపించి, గంపను అందుకుని ఆమెను రాళ్ళ మీద కూర్చోబెట్టాడు. బండి కదిలాక ఆమె వెనక్కి తిరిగి నాయనను కాసేపు చూసింది.

"ఏమబ్బయ్యా, దర్జాగా ముందర కూర్చోకుండా ఎనక నడస్తా ఉండావు? నీ పెండ్లాం ముక్కుపుల్ల ఏమన్నా పారేసుకున్నావా?"

"రాళ్ళు పెద్దమ్మా. యాడ రాలిపోతా ఉండాయో సూస్తా ఉండా."

"రాలినాయా?"

"ఒగటీ లేదు."

నేను తొట్టిలోకి చూశాను. రాళ్ళు అప్పటికే గీతకు కిందికి దిగి ఉన్నాయి. అవ్వ కూడా చూసింది. నోట్లో వక్కాకు నములుతూ, అరచేయి రాళ్ళ మీద పెట్టి, పసిబిడ్డ వీపు నిమిరినట్టు నిమిరింది.

"సప్పుడు లేదే వీటికి. గుంత కాడ గలగలమంటాయి కదా."

"పడుకున్నాయి అవ్వా. రోజూ ఈ పాటికి పడుకుంటాయి" అన్నాను.

అవ్వ నమలడం ఆపింది. "ఏమంటివిరా అబ్బోడా? మళ్ళా అను."

మళ్ళీ అన్నాను. నవ్వుతుందనుకున్నాను, నవ్వలేదు. గంపలోంచి పడి తీసి, బొరుగులు పోసి, ఒళ్ళో పెట్టుకుంది. బండి గతుకుల్లో ఎగిరెగిరి పడుతుంటే తోట గేటు కనిపించేదాకా ఆ పడిలోకే చూస్తూ కూర్చుంది.

గేటు దగ్గర అంతా నిన్నటిదే. గుమాస్తా చక్రమెక్కాడు, వేళ్ళు పెట్టాడు. రెండు వేళ్ళు.

"ఈ రోజు కూడా రాళ్ళకు రెక్కలు వచ్చాయా?"

"ఎనకాలే నడిచొచ్చినాను సామీ. ఒగ రాయి రాలలేదు."

"రాలలేదు, నువ్వు తీయలేదు. మరి కర్పూరమా కరిగిపోవడానికి? బండి తిప్పు."

నాయన పగ్గాల కోసం చెయ్యి చాపాడు. వాదించడం ఆయనకు రాదు. అప్పుడు బండి మీది నుంచి అవ్వ అడిగింది.

"ఏం సామీ, దినామూ నా పడిని మూడు తట్లు తడతావే, ఎందుకు?"

గుమాస్తా తల ఎత్తి చూశాడు. "ఎందుకేమిటి? నువ్వు పొంగించి పోస్తావు. తడితే దిగుతుంది."

"దిగినప్పుడు నా బొరుగులు యాడికి పోతాయి? ఆ తగ్గినవి నేను తింటినా? కొంగులో కట్టుకుంటినా?"

మట్టి తట్టల ఆడవాళ్ళలో ఎవరో కిసుక్కుమన్నారు. గుమాస్తా మొహం ఎర్రబడింది. "అవి బొరుగులు, ఇవి రాళ్ళు."

"రాళ్ళయితే సర్దుకోవా సామీ? నువ్వు తట్టింది మూడు తట్లు. ఈ దావ ఐదు మైళ్ళలో ఎన్ని తట్లు తట్టిందో ఆ ఎద్దుల్నడుగు. యేమీ తగ్గలేదు. సందులు తగ్గినాయి. ఈ అబ్బోడు సెప్తా ఉండాడు, పడుకున్నాయంట."

ఆమె పడిలోని బొరుగుల్ని గంపలోకి ఒంపేసి, ఖాళీ పడిని నా చేతిలో పెట్టింది. "దీంట్లో రాళ్ళు పొయ్యిరా. నువ్వే పొయ్యి."

నిన్న నా నోటితో చేసినదాన్ని ఈ రోజు నా చేతులతో సరిచేయమని ఆమె అడుగుతున్నట్టు ఇప్పుడు అనిపిస్తుంది. అప్పుడు నాకు భయం మాత్రమే. చిన్న చిన్న రాళ్ళు ఏరి పడి నిండా పోశాను. అరచేత్తో చదును చేశాను. ఇనప అంచు దాకా వచ్చాయి. పడిని వెనక పలక మీద పెట్టి తట్టడం మొదలుపెట్టాను. టక్ టక్ టక్. రాళ్ళు కిచకిచమన్నాయి. ఒకటి పక్కకు ఒరిగింది, ఇంకొకటి దాని కిందికి జారింది. తడుతూనే ఉన్నాను. గోల తగ్గింది. చివరికి అవి పలకడం మానేశాయి. పడి అంచు కింద వేలి మందాన ఖాళీ కనిపించింది.

అంత నిశ్శబ్దం నేను మళ్ళీ ఎక్కడా వినలేదు.

గుమాస్తా పడిని చేతిలోకి తీసుకుని వెనకా ముందూ తిప్పి చూశాడు. ఒప్పుకుంటే చిన్నతనం. "పడి సంగతి వేరు, బండి సంగతి వేరు. మొత్తం దించండి. మళ్ళీ ఎత్తండి. గీతకు రాకపోతే మాత్రం ఊరుకోను" అన్నాడు.

"గోనెపట్టలు పరిసి దించండి, ఈ మట్టి కలవకుండా. గుంత కాడ ఎట్ల పోసినారో అట్లనే పొయ్యండి. తొక్కొద్దు, కుక్కొద్దు" అంది అవ్వ.

ఆడవాళ్ళు తిట్టుకుంటూనే పనిలోకి దిగారు. "మా నడుములు కూడా సర్దుకుంటా ఉండాయి సామీ, అవి కూడా కొలవండి" అని ఒకామె అంది. రాళ్ళన్నీ గోనెపట్టల మీదికి దిగాయి. మళ్ళీ ఒక్కొక్క తట్టా పైకి వెళ్ళడం మొదలైంది. నాయన ఎద్దుల కాడి విప్పి, వాటి మెడల మధ్య నిలబడ్డాడు. బండి వైపు చూడలేదు. బూడిదరంగు మైల ఎద్దు చెవి వెనక గోకుతూ నిలబడ్డాడు. ఆయనకు కూడా నమ్మకం లేదని ఆ వీపు చూస్తే తెలిసింది.

నేను చక్రమెక్కి లోపలికే చూస్తున్నాను. రాళ్ళు మళ్ళీ మేలుకున్నాయి. తట్ట తట్టకూ గలగలమంటూ, ఒకదాని మీద ఒకటి మోకాళ్ళు మడుచుకుని కూర్చుంటూ పైకి వస్తున్నాయి. గీతకు నాలుగు వేళ్ళ కింద. మూడు. గోనెపట్టల మీద ఇంక కొంచమే మిగిలింది. రెండు వేళ్ళు. అక్కడ ఒక్క క్షణం ఆగిపోయాయేమో అనిపించింది. చివరి తట్టలు పడ్డాయి. చెక్కతో చదును చేశారు. రాళ్ళు తారు గీతను ముట్టుకున్నాయి. పట్టల మీద ఇంకా అర తట్ట మిగిలే ఉంది.

"నాయనా!" అని అరిచాను. ఆయన అప్పుడు తిరిగాడు.

పొరపాటైంది అనే మాట అంత చదివిన గుమాస్తా నోట్లోంచి రాలేదు. లోపలికి పోయి తారు డబ్బా తెచ్చి, పాత గీతకు సరిగ్గా రెండు వేళ్ళు కింద తన చేతులతో ఇంకొక గీత గీశాడు. "గుంత దగ్గర పైది, ఇక్కడ కిందది" అన్నాడు, ఎవరి మొహం చూడకుండా. తర్వాత ఎప్పటిలాగే బొరుగుల కోసం వచ్చాడు. అవ్వ పడి నింపింది. ఆయన చెయ్యి అలవాటుగా లేచి, మధ్యలో ఆగిపోయింది. అవ్వే పడి అంచు మీద మూడు తట్లు తట్టింది. దిగిన మేరకు పోసింది. "నీకు రావాల్సింది నువ్వు తీసుకో సామీ. ఎదుటోడిదీ అట్లనే సూడు" అంది. ఆ గొంతులో వెటకారం వెతికాను, లేదు.

ఖాళీ బండిలో తిరిగి వస్తుంటే నాయన పక్కనే కూర్చున్నాను. "నాయనా, నిన్న నేను..." అని మొదలుపెట్టాను గాని ముందుకు సాగలేదు.

"నువ్వు సూసింది సెప్పినావు. అబద్దం ఆడలేదు కదా" అన్నాడు. ఇంకొంత దూరం పోయాక, ఎద్దులతో చెబుతున్నట్టు అన్నాడు: "ఈ రెండు దినాలూ నా సేతుల్ని నేనే నమ్మలేదురా. నాకు తెలీకుండా యాడన్నా దించినానా, ఎవురికన్నా పోసినానా అని."

ఆ మాట తలుచుకుంటే నాకు ఇప్పటికీ ఒళ్ళు మండుతుంది. దొంగ అని ఒకడు అన్నందుకు కాదు. తప్పు చేయని మనిషి తన చేతుల్ని తానే తడిమి చూసుకునేలా చేశారే, అందుకు. తర్వాత ఎన్నో ఏళ్ళకు, ఇళ్ళు కట్టే పని గురించిన ఒక పాత పుస్తకంలో చదివాను. ఒకే రాయికి, ఒకే పెట్టెకు, రెండు బరువులు రాసి ఉన్నాయి: వదులుగా పోస్తే ఒకటి, కుదించి పోస్తే ఒకటి. ఆ పూటే ఒక డబ్బా నిండా గులకరాళ్ళు పోసి, ఇంక ఒక్క రాయి పట్టదనుకున్నాక చెంబుతో నీళ్ళు పోశాను. ఎన్ని నీళ్ళు తాగిందనుకున్నారు! నిండుగా ఉందనుకున్న డబ్బాలో అంత ఖాళీ ఉంది. అచ్చులో ఉన్న సంగతి ఇది. కలాల గుమాస్తాకు తెలియలేదు. తెలియకపోవడం కూడా కాదు, తన పడి దగ్గర రోజూ తెలిసేది, ఎదుటివాడి బండి దగ్గర తెలిసేది కాదు. అక్షరం రాని అవ్వకు మాత్రం రెండు చోట్లా ఒకేలా తెలిసింది.

మొన్న మా వీధిలో ఇల్లు కట్టించే కుర్రవాడు ఒకడు కంకర టిప్పరు డ్రైవరును దొంగ అంటూ కాలరు పట్టుకున్నాడు. చేతిలో టేపు, ఇంకో చేతిలో సెల్‌ఫోను. లోడు బాడీ అంచుకు కాస్త దిగి ఉంది. డ్రైవరు తన బండి వెనక తలుపు వైపు చూస్తున్నాడు, అక్కడినుంచే కారిపోయిందేమో అన్నట్టు. ఆ చూపు నాకు తెలుసు. కర్ర పట్టుకుని దిగి వెళ్ళి, ఎంత దూరం నుంచి వస్తోందో అడిగావా, దారి ఎట్లా ఉందో అడిగావా, కాటా చీటీ చూశావా అని ఆ కుర్రవాణ్ణి వీధంతా వినేలా కడిగేశాను. బరువు చూస్తే సరిగ్గానే ఉంది. ముసలాయనకు కోపమెక్కువ అని మా వీధిలో అనుకుంటారు. అనుకోనీ.

దొడ్లో కుప్ప కెలికి చూసిన సంగతి మాత్రం మా నాయనకు చెప్పలేదు. ఆయన పోయేదాకా చెప్పలేదు. చెబితే నవ్వేసేవాడని తెలుసు, అయినా నోరు రాలేదు. ఆ రోజు ఖాళీ బండిలో, ఆయన చూడకుండా, తొట్టిలో ఆ రెండు తారు గీతల మధ్య నా వేళ్ళు పెట్టి చూశాను. నావి చిన్న వేళ్ళు, మూడు పట్టాయి. ఇప్పుడు ఎవరి పనిలోనైనా, ఎవరి మాటలోనైనా కాస్త తక్కువైందని నాకు అనిపిస్తే, తెలియకుండానే నా చూపుడువేలూ నడిమివేలూ దగ్గరగా చేరతాయి. ఈ మనిషి ఎంత గతుకుల దారిన వచ్చాడో అని అప్పుడు అడుగుతాను. ఆ వేళ్ళను చూసుకుంటే అవి మా నాయన వేళ్ళే. ఆ గీతల మధ్య ఇప్పుడు రెండే చాలు.